కట్టురాత ఆకు పట్టు వదిలిందా? ముందు నాలిక మీద పెట్టి చూడండి

వానలు మొదలయ్యాయంటే కోవూరులో మా అరుగు మీద జనం ఉంటారు. అందరి చేతిలో ఒక తాటాకు, అందరి నోటా ఒకటే మాట: "ఏందన్నా, ఈ ఆకు పని చెయ్యలా?" వచ్చేవాళ్ళలో సగం మంది కుర్ర కట్టురాతగాళ్ళే, అంటే తాటాకు మీద మాట రాసి, ఆ మాట జరిగేలా కట్టు వేసేవాళ్ళు. నా దగ్గరకు వచ్చేసరికే రాతను మూడుసార్లు తిరగరాసి, చేతులు బొబ్బలెక్కించుకుని ఉంటారు. తిరగరాయడం ఆఖరి పని బాబూ, మొదటిది కాదు. ఆకు ఉడకేయడం, గంటం పట్టడం మీకు వచ్చనే అనుకుని ఇది రాస్తున్నాను.

సమస్య: కట్టిన రోజు నుంచే ఉలుకూ పలుకూ లేదు

ఏదో ఒక అక్షరానికి మసి పట్టలేదు, అంతే. కట్టు చదివేది మసిని, గీతను కాదు. దీపం ముందు ఆకును ఏటవాలుగా పట్టుకుని చూడండి. మసి పట్టని గీత గోటితో గీరినట్టు పాలిపోయి కనిపిస్తుంది. వత్తుల తోకలు, కొమ్ము చివరలు ముందు చూడండి, ఎక్కువగా దొరికేది అక్కడే. ఆముదం దీపం మసిలో చుక్క నూనె కలిపి గుడ్డతో రుద్ది, పైపైన తుడిచేస్తే సరి. ఈ చిన్న పని చూసుకోకుండా ముహూర్తం బాలేదని గిరాకీకి చెప్పి పంపేవాళ్ళను చూస్తే ఒళ్ళు మండుతుంది.

సమస్య: రాస్తుంటేనే ఆకు చీలుతోంది

ఈనె వెంబడి పొడుగు గీత లాగారు. గుండ్రంగా తిప్పండి. చెయ్యి తిరగకపోతే ఇంకో నెల మార్కాపురం పలక మీద దిద్దుకోండి.

సమస్య: ఎండాకాలమంతా బాగుంది, కార్తీకంలో తిరగబడింది

నేను చేతులు కాల్చుకున్నది ఇక్కడే. ఒక ఏప్రిల్లో సముద్రం వైపు ఊళ్ళో ఒకాయన మొలగొలుకుల ధాన్యం పురికి ఆకు రాయించుకున్నాడు. "ఎలుకా, రాకు" అని రాసిచ్చాను. ఆరు నెలలు ఒక్క గింజ పోలేదు. మన నెల్లూరికి పెద్ద వాన ఈశాన్య గాలితో కదా, అక్టోబరులో ముసురు పట్టింది. నాలుగో రోజు ఆయన మనిషి వచ్చాడు. "అన్నా, మా ఊరి ఎలుకలే కాదు, పక్కూరి ఎలుకలు కూడా మా పురిలోనే ఉండాయి."

పోయి చూస్తే నిజమే. రాత తప్పేమోనని అక్కడే కూర్చుని కొత్త ఆకు రాశాను. రెండు రోజులకే మళ్ళీ అదే వరస. ఇంకోటి రాశాను, అదీ అంతే. ఎవరో ఎదురుకట్టు వేశారని రాత్రంతా టెన్షన్ పడి, తెల్లారి ఆత్మకూరులో ఉన్న మా మేనత్త దగ్గరకు ఆకు పట్టుకుపోయాను. ఆమె రాత వైపు చూడను కూడా చూడలేదు. ఆకు చివర నాలికకు తగిలించి, "ఊరగాయలో వేసి తీశావా అబ్బయ్యా?" అంది.

ఆ ఊళ్ళో బోరు నీళ్ళు ఉప్పు. మొదటి ఆకును పసుపు వేసి ఉడకేసింది ఆ నీళ్ళలోనే, తర్వాత రాసిన రెండూ అదే కాగులోంచి తీసినవే. వానాకాలం వంటింట్లో ఉప్పు జాడీ చెమర్చడం చూశారుగా? ఉప్పు పట్టిన ఆకు కూడా అలాగే గాలిలో తేమ లాగుతుంది. ఆకు ఉబ్బుతుంది, గీతలో కూర్చున్న మసి వదులై పక్కకు పాకుతుంది. అదీ ముందు చివర్ల దగ్గర, కోసిన అంచే ఎక్కువ తాగుతుంది కాబట్టి. మన భాషలో కాదనే మాట వచ్చేది కూడా చివరనే. "రాకు"లో "కు" అలుక్కుపోయి మసి ముద్దయింది. ముద్దను కట్టు చదవదు. మిగిలింది "ఎలుకా, రా". పిలిస్తే రాక ఏం చేస్తాయి?

ఎండల్లో గాలి పొడిగా ఉన్నన్నాళ్ళూ ఇది బయటపడదు, అందుకే ఇంత దొంగది. కాబట్టి ఏ ఆకు వచ్చినా ముందు నాలిక. తర్వాత ఆ ఊరి నీళ్ళు గరిటెడు మరగనిచ్చి అడుగున మిగిలిన తెల్ల పొడిని రుచి చూడండి. సున్నపు నీళ్ళకూ తెలుపు మిగులుతుంది, కంటిని నమ్మొద్దు. కనిగిరి, దర్శి వైపు వాళ్ళు ఫ్లోరైడ్ గురించి అడుగుతుంటారు. అది ఎముకలకు చేటు, కట్టుకు ఏమీ కాదు.

ఆకు పారేయక్కర్లేదు. గీత ఎక్కడికీ పోదు, పోయేది మసే. పెన్నా ఇసుకలో చెలమ తీసి తెచ్చిన నీళ్ళలోనో, పట్టిపెట్టిన వాన నీళ్ళలోనో రాత్రంతా నానేయండి. పొద్దున నీళ్ళు మార్చి మళ్ళీ నానేయండి. నాలికకు ఏమీ తగలకుండా పోయేదాకా అంతే. నీడలో ఆరబెట్టండి, ఎండలో పెడితే మెలి తిరుగుతుంది. రెండు చెక్కల మధ్య బరువు కింద ఉంచి, బాగా ఆరాక అదే గీతలకు మళ్ళీ మసి పట్టించండి.

కొత్తది రాస్తే చివర బొటనవేలంత ఖాళీ వదలండి. ఇంకో మాట, "రాకు" అని రాయొద్దు, "పో" అని రాయండి. అది అలుక్కుపోతే ఆకు ఊరికే ఉంటుంది గానీ ఎవరినీ పిలవదు.

మిగతావి

పురుగు పడితే నిమ్మగడ్డి నూనె పూయండి. గ్రహణానికి కట్టు వదలడం నేనైతే ఎప్పుడూ చూడలేదు. ఎదురుకట్టు ఉంటుంది, కాదనను, కానీ ఇన్నేళ్ళలో నాకు తగిలింది రెండే సార్లు, రెండూ అన్నదమ్ముల గట్టు తగాదాలే. నాలికతో చూడకముందే ఆ మాట ఎత్తితే మా అరుగు దిగి పొమ్మంటాను.

పడవ ఆకుకు మాత్రం ఈ వైద్యం నిలవదు, దాని మీద రోజూ ఉప్పు గాలే. అమావాస్యకోసారి కడిగి మసి పట్టించాల్సిందే. ఆ కూలి కూడా రాసే రోజే మాట్లాడుకోండి, తర్వాత అడిగితే ఎవరూ ఇవ్వరు.