వేరే ఊళ్లో ఉద్యోగమా? ముందు నెలాఖరు మిగులు తేల్చుకోండి

నాది పద్దులు చూసే ఉద్యోగం. అందుకే తెలిసినవాళ్లలో ఎవరికి వేరే ఊరి నుంచి ఆఫర్ వచ్చినా నాకో ఫోన్ వస్తుంది. "ఇక్కడ ఇంత వస్తోంది, అక్కడ ఇంత ఇస్తామంటున్నారు, వెళ్లొచ్చా?" అని అడుగుతారు. రెండు జీతాలు చెప్తారు గానీ ఖర్చుల ఊసెత్తరు. నేను ఎదురు అడిగేవి రెండే: ఇప్పుడు నెలాఖరుకు చేతిలో ఎంత మిగులుతోంది? అక్కడికెళ్తే ఎంత మిగులుతుంది? మొదటిదానికే చాలామంది దగ్గర జవాబుండదు. కాబట్టి అక్కడి నుంచే మొదలుపెడదాం.

కొత్త ఊరి ధరలు తర్వాత వెతుక్కోవచ్చు. ముందు మీ బ్యాంకు స్టేట్‌మెంట్ తీయండి. ఒక నెలది సరిపోదు, ఏడాదిది కావాలి. బీమా ప్రీమియం, స్కూలు ఫీజు, బండి సర్వీసింగ్, ఉన్నట్టుండి వచ్చే ఆసుపత్రి ఖర్చు ఇవేవీ నెలనెలా కనిపించవు. ఏడాది మొత్తం కూడి 12తో భాగిస్తేనే అసలు నెల ఖర్చు తెలుస్తుంది. "నాకు గుర్తుందిలే, రాసేస్తా" అంటారు కొందరు. అలా రాస్తే అద్దె ఒక్కటే కరెక్టుగా పడుతుంది. మిగతావన్నీ ఉన్నదానికంటే తక్కువగా పడతాయి. ఇంతవరకూ ఎక్కువ రాసుకొచ్చినవాళ్లను నేను చూడలేదు.

ఆ పద్దును మూడు భాగాలు చేయండి. మొదటిది, ఎక్కడికెళ్లినా మారనివి: లోన్ ఈఎంఐ, బీమా, తల్లిదండ్రులకు పంపే డబ్బు. రెండోది, ఊరితోపాటు మారేవి: అద్దె, సరుకులు, రాకపోకలు, స్కూలు, కరెంటు. మూడోది, ఇప్పుడు అసలు లేనివి, అక్కడికెళ్లాక కొత్తగా పుట్టేవి. లెక్క తప్పేది ఎక్కువగా ఈ మూడో భాగంలోనే. సొంతూరికి వచ్చిపోవడానికి టికెట్లు కావాలి. చలి ఊరైతే హీటింగ్ బిల్లు, వేడి ఊరైతే ఏసీ బిల్లు వస్తాయి. ఇక్కడ పిల్లాణ్ని అమ్మమ్మ చూసుకుంటుంటే ఆ పని విలువ ఏ పద్దులోనూ ఉండదు. అక్కడ అదే పనికి డేకేర్ వాళ్లు నెలనెలా బిల్లు పంపిస్తారు.

ఇక అందరూ ముందుగా పరిగెత్తే చోటు, ఇంటర్నెట్‌లో ఊళ్లను పోల్చే సూచీలు. నేనూ చూస్తాను, కాకపోతే వాటిలో ఏముందో తెలుసుకుని చూడాలి. 2009లో మొదలైన నంబియో అనే వెబ్‌సైట్‌లో ధరలు ఎవరైనా నమోదు చేయొచ్చు. న్యూయార్క్‌ను 100గా పెట్టుకుని మిగతా నగరాలను దాంతో పోలుస్తారు. అందులో మొదట కనిపించే జీవన వ్యయ సూచీలో అద్దె కలవదు. అద్దె సూచీ వేరు, రెండూ కలిపిన సూచీ వేరు. మొదటి గడి మాత్రమే చూసి "పెద్ద తేడా లేదు" అనుకునేవాళ్లు చాలామంది. మెర్సర్ అనే కన్సల్టింగ్ సంస్థ ఇచ్చే నగరాల ర్యాంకుల సంగతి వేరు. అవి కంపెనీలు విదేశాలకు పంపే ఉద్యోగుల జీతభత్యాలు నిర్ణయించుకోవడానికి చేసినవి. అందులోని ఖర్చు అలాంటి ఉద్యోగి ఖర్చు, మన ఇంటిది కాదు.

నమోదు చేసిన ధరలన్నీ నిజమే అనుకున్నా ఇంకో చిక్కుంది. ఆదాయం తగ్గేకొద్దీ కుటుంబ ఖర్చులో తిండి వాటా పెరుగుతుందని ఎర్న్‌స్ట్ ఎంగెల్ అనే జర్మన్ గణాంకవేత్త 1857లోనే చూపించాడు. ఒకే ఊళ్లో, ఒకే ధరలతో బతుకుతున్నా ఒక్కో ఇంటి ఖర్చు ఒక్కోలా ఉంటుంది. సూచీ చెప్పేది సగటు ఇంటి సంగతి. స్కూలుకెళ్లే పిల్లలు ఇద్దరున్న ఇంటికీ, ఒంటరిగా ఉండే కుర్రాడికీ కొత్త ఊరు ఒకేలా ఖరీదెక్కదు.

ఒక ఉదాహరణ చూడండి. ఇప్పుడు చేతికొచ్చే జీతాన్ని 100 అనుకుందాం. కొత్త ఉద్యోగంలో చేతికి 130 వస్తుంది. సూచీ ప్రకారం ఆ ఊరు 20 శాతం ఖరీదు. వరసలో మొదటి అంకె ఇప్పటిది, రెండోది అక్కడిది.

అద్దె: 25, 45
సరుకులు, భోజనం: 20, 23
ఆఫీసు రాకపోకలు: 5, 9
స్కూలు: 10, 18
లోన్ ఈఎంఐ: 15, 15
మిగతా చిల్లర ఖర్చులు: 10, 12
సొంతూరి ప్రయాణాలు: 0, 4
మొత్తం: 85, 126
మిగులు: 15, 4

సూచీని నమ్మితే 85కి 20 శాతం కలిపి ఖర్చు 102 అవుతుంది, 28 మిగలాలి. పద్దు రాస్తే మిగిలింది 4. జీతం 30 శాతం పెరిగింది, ఖర్చు దాదాపు 48 శాతం పెరిగింది. సరుకుల దగ్గర తేడా ఎంత చిన్నదో చూడండి. అయినా ఊళ్ల గురించి మాట్లాడుకునేటప్పుడు అందరూ పోల్చుకునేది సరుకుల ధరలే. అసలు దెబ్బ అద్దె దగ్గరా స్కూలు దగ్గరా పడుతుంది.

కాబట్టి మీకున్న టైంలో సగం అద్దె మీదే పెట్టండి. ప్రకటనల్లో కనిపించేది ఓనరు అడిగే అద్దె. ఇప్పటికే ఉంటున్నవాళ్లు కట్టేది వేరుగా ఉండొచ్చు. ధర కుదిరిన ఇళ్లు త్వరగా వెళ్లిపోతాయి, ఎక్కువ చెప్పినవే వారాల తరబడి ప్రకటనల్లో మిగులుతాయి. అందుకని వాటి సగటు చూసి గుండె జారిపోనక్కర్లేదు. అలాగని అన్నిటికంటే తక్కువ చెప్పినదాన్ని పట్టుకుని లెక్కేయకూడదు. అవే ప్రకటనలను వారం తర్వాత మళ్లీ చూడండి, ఏవి పోయాయో ఏవి మిగిలాయో గమనిస్తే నడిచే ధర అర్థమవుతుంది. ఇల్లు ఎన్ని చదరపు అడుగులో, అందులో లోపల వాడుకునేది ఎంతో, మెయింటెనెన్స్, పార్కింగ్, నీళ్లు అద్దెలో కలిసినవో విడిగా కట్టాల్సినవో అడగండి. ఫర్నిచర్ లేని ఇల్లయితే మొదటి నెలలో కొనాల్సిన సామాన్లు ఇంకో పద్దు.

అద్దె, రాకపోకలు రెండూ ఒకే ఖర్చు కింద రాయమని నా సలహా. ఆఫీసుకు దూరం జరిగేకొద్దీ అద్దె తగ్గుతుంది, ప్రయాణ ఖర్చు పెరుగుతుంది. ఒకటి చూసి రెండోది చూడకపోతే చవగ్గా దొరికిందని మురిసిపోవడమే. ఒక ఇల్లు ఆఫీసు పక్కన, ఒకటి మధ్యలో, ఒకటి బాగా దూరంగా ఎంచుకుని మూడింటికీ అద్దె, ప్రయాణం కలిపి రాసుకోండి. గూగుల్ మ్యాప్స్‌లో బయల్దేరే టైం మార్చుకునే వీలుంది. పని రోజు ఉదయం ఎనిమిదిన్నర పెట్టి చూడండి. ఆదివారం మధ్యాహ్నం చూసిన అరగంట ఎందుకూ పనికిరాదు. రెండో బండి కొనాల్సి వస్తుందా అనేది కూడా ఇక్కడే తేలిపోతుంది.

తర్వాత ఆ ఊళ్లో ఉంటున్న మనిషితో మాట్లాడండి. "ఖర్చులు ఎలా ఉంటాయండీ?" అని అడిగితే ఎవరైనా "అమ్మో, చాలా ఎక్కువ" అనే అంటారు. దాంతో మనకు ఒరిగేదేం లేదు. "పోయిన నెల కరెంటు బిల్లు ఎంతొచ్చింది?", "బాబు స్కూలుకు ఏడాదికి బస్సుతో కలిపి ఎంత కట్టారు?", "ఇల్లు మారినప్పుడు అడ్వాన్సు ఎంత తీసుకున్నారు?" అని అడగండి. అంకె చెప్పక తప్పని ప్రశ్న వేస్తే మనిషి ఆలోచించి చెప్తాడు. ఆ మనిషి ఇల్లు కూడా మీ ఇంటిలాంటిదే కావాలి. నలుగురితో గది పంచుకునే కుర్రాడి లెక్క మీకు పనికిరాదు.

జీతం విషయానికొస్తే ఆఫర్ లెటర్లో పైన కనిపించే పెద్ద అంకెను పక్కన పెట్టండి. పన్నులు, కోతలు పోగా నెలనెలా ఖాతాలో పడేది ఎంతో హెచ్ఆర్ వాళ్లనే రాసివ్వమనండి. పనితీరును బట్టి ఇచ్చే బోనస్‌ను నెల ఖర్చుల లెక్కలోకి తేవద్దు. ఒకే దేశంలో కూడా పన్ను మారొచ్చు. అమెరికాలో టెక్సస్‌లో రాష్ట్ర ఆదాయపు పన్ను లేదు. న్యూయార్క్ నగరంలో ఉండేవాళ్లు కేంద్రానికి కట్టేది కాక రాష్ట్రానికీ నగరానికీ వేర్వేరుగా కట్టాలి. అలాగని టెక్సస్‌లో అంతా లాభమే అనుకోకండి, అక్కడ ఇంటి పన్ను ఎక్కువ.

విదేశం వెళ్తున్నవాళ్లు జీతాన్ని మారకం రేటుతో గుణించి సంబరపడతారు. అక్కడ సంపాదించి అక్కడే ఖర్చుపెట్టే డబ్బుకు మారకం రేటుతో పనిలేదు. మిగిలించి ఇంటికి పంపే డబ్బుకే అది వర్తిస్తుంది. కాబట్టి పద్దంతా అక్కడి కరెన్సీలోనే రాసి, చివరి మిగులును మాత్రం మార్చుకోండి. ఇక్కడి లోన్ కడుతూ ఉంటే అది మాత్రం రేటుతోపాటు పైకీ కిందకీ ఊగుతుంది.

ఇద్దరూ ఉద్యోగాలు చేసే ఇల్లయితే అన్నిటికంటే పెద్ద లెక్క ఇంకోటుంది. ఒకరి ఉద్యోగం కోసం ఊరు మారితే రెండోవాళ్ల జీతం ఎన్నాళ్లు ఆగుతుంది? వెళ్లగానే దొరుకుతుందిలే అని సున్నా నెలలు రాసుకోకండి. ఆర్నెల్లు ఆ జీతం లేకుండా పద్దు ఎలా ఉంటుందో ఒకసారి, అసలు రాకపోతే ఎలా ఉంటుందో ఇంకోసారి రాసి చూడండి. ఎంత మంచి ఆఫరైనా ఇక్కడ తేలిపోవచ్చు. నా దగ్గరికి వచ్చినవాళ్లలో ఎక్కువమంది ఈ కాగితం ముందే ఆగి ఆలోచించారు.

ఒకేసారి అయ్యే ఖర్చులు విడిగా రాయాలి: సామాన్ల లారీ, బ్రోకరు కమీషన్, మొదటి రోజుల హోటల్, రెండు ఇళ్లకూ అద్దె కట్టే నెల, కొత్త స్కూలు అడ్మిషన్. అవన్నీ కలిపి 60 అయ్యాయనుకుందాం. రెండేళ్లు ఉంటే నెలకు 2.5 పడుతుంది, మిగులు 4 కాస్తా 1.5 అవుతుంది. ఏడాదికే తిరిగొస్తే నెలకు 5 పడుతుంది, అంటే నెలకు 1 చొప్పున చేతి డబ్బు పోతోంది. ఇంటి అడ్వాన్సు ఖర్చు కాదు, తిరిగొస్తుంది. కానీ ఆ డబ్బు ముందు మీ దగ్గర ఉండాలి.

మిగులు తగ్గినా వెళ్లకూడదని నేననను. పని నేర్చుకోవడానికో, పిల్లల చదువుకో, అమ్మానాన్నలకు దగ్గరగా ఉండటానికో వెళ్లొచ్చు. మా వాళ్లలో అలా తెలిసి వెళ్లినవాళ్లున్నారు. పై ఉదాహరణలో నెలకు 11 చొప్పున వదులుకుంటున్నామని తెలిసి వెళ్తే మూడో నెలలో టెన్షన్ ఉండదు.

వెళ్లాలని ఉండి లెక్క కుదరకపోతే అదే కాగితం పట్టుకుని బేరం ఆడండి. అక్కడి ఖర్చు 126, ఇప్పటి మిగులు 15, కలిపితే 141. చేతికి రావాల్సింది అదీ. "ఇంకొంచెం పెంచండి" అనే బదులు ఈ అంకె చెప్పండి. జీతం పెంచడం కుదరదంటే సామాన్ల రవాణా, మొదటి నెల వసతి కంపెనీనే భరించమని అడగండి. వారంలో రెండు రోజులు ఇంటి నుంచి పని చేయనిస్తే దూరంగా, తక్కువ అద్దెకు ఉండొచ్చు, అది కూడా డబ్బే. జాయినింగ్ బోనస్ ఇస్తామంటే, ఎన్నాళ్ల లోపు మానేస్తే తిరిగి కట్టాలో చూడండి. ఒప్పుకున్నవన్నీ ఆఫర్ లెటర్లో రాసిచ్చాకే ఇక్కడ రాజీనామా పెట్టండి.