చైతన్య యంత్రాల కథ రాయడం – 4వ పాఠం: వచ్చారా, వచ్చాయా?

మీ ఊహాలోకంలో యంత్రాన్ని ఆపే మీట ఎవరి చేతిలో ఉంటుందో ఒక పేరాలో రాయమని గత పాఠంలో అడిగాను. ఆ పేరా ముందు పెట్టుకోండి. ఈసారి పనంతా దాని క్రియాపదాల మీదే.

తెలుగు ఏకవచనం రచయితకు గొప్ప వెసులుబాటు ఇస్తుంది. "అమ్మాయి వచ్చింది", "యంత్రం వచ్చింది" – క్రియ ఒకటే. "వచ్చాడు" అనకుండా ఉంటే చాలు, అది వస్తువో వ్యక్తో తేల్చకుండా పేజీలకు పేజీలు నడిపించవచ్చు. రెండో యంత్రం గదిలో అడుగుపెట్టగానే ఆ వెసులుబాటు పోతుంది. "రెండు వచ్చాయి" అంటారా, "ఇద్దరు వచ్చారు" అంటారా? ఆ సమాజం యంత్రాలకు ఇచ్చిన చోటేమిటో ఆ ఒక్క మాటతో తెలిసిపోతుంది. ఇంత పదునైన పనిముట్టు మన భాషలోనే ఉండగా, కొత్తగా రాసేవారు యంత్రాల హక్కుల చట్టాన్ని రెండు పేజీలు వివరించి కథ మొదలుపెడితే నాకు బాధగా ఉంటుంది.

ఒక ఆసుపత్రి వార్డును ఊహించండి. తెల్లవారుజామున హెడ్ నర్సు రిజిస్టరులో రాస్తుంది: "రాత్రి విధుల్లో నర్సులు ముగ్గురు, యంత్రాలు రెండు." పక్క మంచం మీది ముసలమ్మ కొడుకుతో అంటుంది: "రాత్రంతా ఇద్దరూ నా చెయ్యి వదల్లేదు నాయనా." కొడుకు చుట్టూ చూసి, "ఎవరమ్మా ఆ ఇద్దరు?" అంటాడు. మంచం పక్కనే ఉన్న యంత్రం మాట్లాడకుండా దుప్పటి అంచు సర్దుతుంది. చట్టం గురించి ఒక్క ముక్క చెప్పలేదు. అయినా ముగ్గురి చూపూ తెలిసింది.

ఇక మిగిలింది కథకుడి గొంతు. "అవి విన్నాయి" అని మొదలుపెట్టి, ఎక్కడో "వాళ్లు విన్నారు" అని మారిస్తే, ఆ చోటే కథకు మలుపు. ఒక్కసారే మార్చండి, కారణంతో మార్చండి. పొరపాటున మారితే పాఠకుడు అచ్చుతప్పు అనుకుంటాడు.

పేరు కూడా చూసి పెట్టాలి. "రోబో" అన్న మాట 1920 నాటి ఒక చెక్ భాషా నాటకం నుంచి వచ్చింది. ఆ భాషలో "రోబోట" అంటే వెట్టిచాకిరీ. ఆ పేరుతో పిలిచినప్పుడే సగం తీర్పు చెప్పినట్టు. మీ లోకంలోని మనుషులు ఏ పేరు పెట్టుకుని ఉంటారో ఆలోచించండి.

చట్టం ఇచ్చే వ్యక్తి హోదా, అంటే ఆస్తీ హక్కులూ ఉండగల అర్హత, వేరు; మనసుందని ఒప్పుకోవడం వేరు. న్యూజిలాండ్ 2017లో వాంగనుయి నదికి చట్టపరమైన వ్యక్తి హోదా ఇచ్చింది. నది ఆలోచిస్తుందని ఆ చట్టం అనలేదు. కాబట్టి మీ యంత్రానికి ఆస్తి ఉండి కూడా అందరి నోటా "అది"గానే మిగిలిపోవచ్చు. మంచి కథకు అలాంటి ఎడం కావాలి.

అభ్యాసం: మీ పేరాలోకి రెండో యంత్రాన్ని తీసుకురండి. అదే ఘట్టాన్ని మూడుసార్లు, పదేసి వాక్యాల్లో రాయండి – మీట చేతిలో ఉన్న మనిషి చెప్పినట్టు, ఒక చిన్నపిల్ల చెప్పినట్టు, మొదటి యంత్రమే చెప్పినట్టు. మూడోదే కష్టం. తోటి యంత్రాన్ని కలుపుకొని అది "మేమిద్దరం" అంటుందా? ఎదుట ఉన్న మనిషితో మాట్లాడేటప్పుడు "మేము" అంటుందా, "మనం" అంటుందా? ఎంచుకున్న మాట కింద గీత గీసి, ఎందుకు ఎంచుకున్నారో పక్కన ఒక వాక్యం రాసుకోండి. వచ్చే పాఠం ఆ వాక్యంతోనే మొదలవుతుంది.