మిలటరీ పెన్షన్ అర్జీ ఎక్కడికి పంపాలి?

మా గిద్దలూరు వైపు ఆర్మీలో చేసినోళ్ళు చాలామంది, పెన్షన్ ఆగితే నేరుగా ఢిల్లీకి రక్షణ మంత్రికి అర్జీ రాసేస్తారు, అది తిరిగి తిరిగి కిందికే వస్తది.

ఆ రక్షణ శాఖలో 5 డిపార్ట్‌మెంట్లున్నాయి. రక్షణ విభాగం, ఆయుధాల తయారీ, డీఆర్‌డీఓ ఉండే పరిశోధన విభాగం, ఇవి మీకు పనికిరావు. 2020లో పెట్టిన సైనిక వ్యవహారాల విభాగం సీడీఎస్ (చీఫ్ ఆఫ్ డిఫెన్స్ స్టాఫ్) కింద ఉంటది, అదీ మీకు పనికిరాదు. మీకు కావాల్సింది 2004లో పెట్టిన మాజీ సైనికుల సంక్షేమ విభాగం, కానీ అదీ మొదటి మెట్టు కాదు.

మా పిన్నికి జరిగింది చెప్తా. బాబాయి డిశ్చార్జ్ బుక్‌లో ఆమె పేరు "లక్ష్మమ్మ", ఆధార్‌లో "లక్ష్మీదేవి", దాంతో ఫ్యామిలీ పెన్షన్ ఆగిపోయింది, ఆ తల్లి ఎన్నిసార్లు తిరిగిందో. పేరు సరిచేసేది ఆయన రెజిమెంట్ రికార్డ్ ఆఫీసు, డబ్బులు చూసేది ప్రయాగ్‌రాజ్‌లోని పెన్షన్ ఆఫీసు, మిలటరీ పెన్షన్లు చూసుకునే స్పర్శ్ వెబ్‌సైట్ వాళ్ళదే.

అందుకని ముందు పీపీఓ (పెన్షన్ మంజూరు చేసిన ఆర్డర్), డిశ్చార్జ్ బుక్, ఆధార్ పక్కపక్కన పెట్టి ఒక్కో అక్షరం చూసుకోండి, తర్వాత ఒంగోల్లోనో నెల్లూరులోనో జిల్లా సైనిక సంక్షేమ ఆఫీసుకి పొండి. అది రాష్ట్ర ప్రభుత్వానిదే అయినా దారి చూపిస్తారు. ఏడాదికోసారి లైఫ్ సర్టిఫికెట్ మాత్రం మర్చిపోవద్దు.