సెలవు రోజున తెరిచున్న మందుల షాపు పట్టుకోవడం ఎలా

ఊరంతా షట్టర్లు దించేసిన రోజునే పిల్లకి జ్వరం ముంచుకొస్తుంది, లేదా రోజూ వేసుకునే బీపీ మాత్రల స్ట్రిప్ తీసి చూస్తే అన్నీ ఖాళీ గుంటలే కనపడతాయి. అప్పుడు చాలామంది చేసే పని బండి తీసి రోడ్డెక్కడం, ఒక్కో షాపు ముందూ ఆగి తాళం చూసుకుని ఇంకో వీధిలోకి తిప్పడం. అలా గంట తిరిగేకన్నా ఇంట్లోనే కూర్చుని పది నిమిషాలు ఫోన్ మీద పెడితే పని తొందరగా తేలుతుంది.

అన్నిటికన్నా ముందు, ఇది అసలు మందుల షాపుతో అయ్యే పనేనా అన్నది చూసుకోండి. ఛాతీలో నొప్పి, మూతి ఒక పక్కకి పోవడం, మాట ముద్దగా రావడం, ఊపిరి ఆడకపోవడం, ఏదైనా కుట్టాకో తిన్నాకో మొహం పెదాలు వాచిపోవడం, చిన్నపిల్లలు ఏదో తాగేయడం, ఇలాంటివైతే షాపు వెతుక్కుంటూ కూర్చోకూడదు, అంబులెన్స్ పిలవాలి లేదా ఎమర్జెన్సీకి తీసుకుపోవాలి. భారత్ లోనూ యూరప్ దేశాల్లోనూ 112, అమెరికాలో 911, బ్రిటన్ లో 999.

అది కాదు అనుకున్నాక మ్యాప్స్ తెరిచి ఫార్మసీ అని కొట్టి, ఇప్పుడు తెరిచున్నవి మాత్రమే చూపించే ఫిల్టర్ పెట్టండి. కానీ అక్కడ పచ్చగా కనపడే ఓపెన్ అన్న మాటని నమ్మి బయల్దేరకండి. ఆ టైములు చాలావరకు మామూలు వారానికి పెట్టినవి, షాపు ఓనరు సెలవు రోజు కోసం విడిగా మార్చకపోతే సోమవారం పండగ అయినా మామూలు సోమవారం టైమే చూపిస్తుంది. సెలవు వల్ల టైములు మారొచ్చు అని కింద చిన్న అక్షరాలతో ఒక లైను వస్తుంది, అది కనపడితే ఆ షాపు సంగతి ఇంకా తేలలేదని అర్థం. అందుకే నంబరు మీద నొక్కి ఫోన్ చెయ్యండి. పది సార్లు మోగినా ఎత్తకపోతే దాన్ని వదిలేసి రెండోదానికి వెళ్లిపోండి.

ఫోన్ ఎత్తితే "తెరిచున్నారా" అని ఒక్క ముక్క అడిగి పెట్టేయకండి. ఎన్నింటిదాకా ఉంటారు, ఫలానా మందు ఫలానా ఎంజీ ఉందా, ఒక స్ట్రిప్ పక్కన పెడతారా నేను ఇంతలో వస్తాను, ఇవన్నీ ఒకే కాల్ లో అడిగేయాలి. సెలవు రోజుల్లో సప్లై రాదు కాబట్టి షాపు ఉన్నా సరుకు లేకపోవడం మామూలే. ఇంకోటి కూడా అడగాలి, ప్రిస్క్రిప్షన్ మందులిచ్చే కౌంటరు నడుస్తోందా అని. అమెరికాలాంటి చోట్ల పెద్ద స్టోర్లకి 24 గంటలూ తలుపులు తెరిచే ఉన్నా లోపల వెనకవైపు ఫార్మసీ కౌంటరు టైము వేరు, సబ్బులూ షాంపూలూ అన్నీ దొరుకుతాయి, మీక్కావలసిన చోట మాత్రం గేటు దించేసి ఉంటుంది. ఇంగ్లండ్, వేల్స్ లో అయితే ఈస్టర్ ఆదివారం, క్రిస్మస్ రోజు పెద్ద సూపర్ మార్కెట్లు చట్టప్రకారమే మూసేయాలి, వాటి లోపలున్న ఫార్మసీ మీద ఆశ పెట్టుకుంటే పని అవ్వదు.

యూరప్ లో ఉన్నా, అటువైపు టూర్ కి వెళ్లినా, వెతకాల్సింది ఇవాళ డ్యూటీ ఎవరిదీ అని. చాలా దేశాల్లో సెలవులకీ రాత్రులకీ ఫార్మసీలు వంతులేసుకుంటాయి, అందరూ మూసినా ఆ ప్రాంతానికి ఒకటైనా పలుకుతుంది. జర్మనీలో దీన్ని నోట్‌డీన్‌స్ట్ అంటారు, మొబైల్ నుంచి 22833 కి చేస్తే దగ్గర్లో ఏది డ్యూటీలో ఉందో చెప్తారు. ఫ్రాన్స్ లో ఫార్మసీ ద గార్డ్, నంబరు 3237. ఇటలీలో ఫార్మాచియా ది తుర్నో, స్పెయిన్ లో ఫార్మాసియా దె గ్వార్దియా, టర్కీలో నొబెత్చి ఎజ్‌జానె. హోటల్ రిసెప్షన్ లోనో టాక్సీ డ్రైవర్ తోనో ఈ ఒక్క మాట అంటే చాలు, మిగతా భాష రాకపోయినా వాళ్లకి విషయం తెలిసిపోతుంది.

ఈ పద్ధతి ఉన్న చోట మూసేసిన షాపు కూడా పనికొస్తుంది, ఇది తెలియక చాలామంది తాళం చూసి వెనక్కి తిరిగిపోతారు. దగ్గరికెళ్లి తలుపు అద్దం మీద అంటించిన కాగితం చూడండి, ఇవాళ డ్యూటీలో ఉన్న ఫార్మసీ పేరు, అడ్రసు, ఫోన్ నంబరు దాని మీదే ఉంటాయి. ఒక ఫోటో తీసుకుంటే సరి. ఇక డ్యూటీ షాపుకి చేరాక అది కూడా మూసేసినట్టే కనపడొచ్చు, లైట్లు సగం ఆర్పేసి, తలుపుకి గడియ పెట్టి ఉంటారు. పక్కన బెల్లు ఉంటుంది, నొక్కి ఆగితే లోపల్నుంచి ఫార్మసిస్టు వచ్చి తలుపులో చిన్న కిటికీ తీసి అందులోంచే చీటీ తీసుకుని మందు ఇస్తారు, మనం బయటే నిలబడాలి. బెల్లు కొట్టడానికి మొహమాటపడకండి, వాళ్లు అక్కడ ఉన్నదే అందుకు. అలాగని పళ్ల పేస్టు కోసం అర్ధరాత్రి బెల్లు కొట్టడం మాత్రం బాగోదు. ఫ్రాన్స్ లో కొన్ని ఊళ్లలో రాత్రిపూట ముందు పోలీస్ స్టేషన్ ద్వారా వెళ్లాలి, వాళ్లు ఫార్మసిస్టుకి కబురు పెడితే అప్పుడు తలుపు తీస్తారు, కాబట్టి అక్కడ పోలీసుల దాకా వెళ్లమన్నారని కంగారు పడక్కర్లేదు.

వంతుల పద్ధతి లేని చోట ఆస్పత్రి వైపు చూడాలి. భారత్ లో పెద్ద ఆస్పత్రుల్లో ఉండే మందుల షాపులు చాలావరకు 24 గంటలూ నడుస్తాయి, అక్కడ అడ్మిట్ అయినవాళ్లకే కాదు చీటీ ఉంటే బయటివాళ్లకీ ఇస్తారు, సెలవు రోజున నేనైతే ముందు వాటికే ఫోన్ చేస్తాను. బ్రిటన్, అమెరికాల్లో మాత్రం ఆస్పత్రి ఫార్మసీ ఎక్కువగా తమ పేషెంట్ల కోసమే, చీటీ పట్టుకుని నేరుగా వెళ్తే వెనక్కి పంపే అవకాశమే ఎక్కువ. బ్రిటన్ లో 111 కి ఫోన్ చేస్తే ఏ ఫార్మసీ ఉందో వాళ్లే చెప్తారు. పెద్ద రైల్వే స్టేషన్లు, ఎయిర్ పోర్టుల్లో ఉండేవి కూడా ఒకసారి కనుక్కోండి, ఊరు మూసినా ప్రయాణికుల కోసం అవి నడుస్తుంటాయి. మామూలు జ్వరం మాత్ర అయితే బ్రిటన్, అమెరికాల్లో పెట్రోల్ బంకు షాపులో కూడా దొరుకుతుంది గానీ ఫ్రాన్స్, జర్మనీల్లో పారాసెటమాల్ కూడా ఫార్మసీలో తప్ప బయట అమ్మరు.

ఇప్పుడు షాపు దొరికింది, మందు ఏమిటో చెప్పగలరా? చాలా ప్రయాణాలు వృథా అయ్యేది ఇక్కడే. "తెల్లటి గుండ్రటి మాత్ర, పొద్దున పూట వేసుకుంటారు" అంటే ఎవరూ ఇవ్వలేరు. స్ట్రిప్ ఫోటో తీసుకెళ్లండి. కానీ స్ట్రిప్ చింపేటప్పుడు పేరూ ఎక్స్‌పైరీ ఉన్న కొసనే ముందు చింపేస్తాం, చివరికి మిగిలిన రెండు మాత్రల మీద ఏ అక్షరమూ ఉండదు, అందుకని కొత్త స్ట్రిప్ తెచ్చినప్పుడే రెండువైపులా ఒక ఫోటో కొట్టి పెట్టుకోవాలి. కంపెనీ పేరు కింద చిన్నగా రాసుండే అసలు మందు పేరు చూడండి, మీ కంపెనీది లేకపోయినా అదే మందు వేరే కంపెనీది ఉండొచ్చు. దాంతోపాటు ఎంజీ, పక్కన ఎస్ఆర్ అనో ఎక్స్ఆర్ అనో అక్షరాలుంటే అవీ చెప్పాలి. మెట్‌ఫార్మిన్ 500 వేరు, మెట్‌ఫార్మిన్ 500 ఎస్ఆర్ వేరు, రెండోది ఒంట్లో నెమ్మదిగా కరిగేది, ఒకదాని బదులు ఒకటి మీ అంతట మీరే తీసేసుకోకండి. దేశం మారితే పేరూ మారొచ్చు, పారాసెటమాల్ ని అమెరికాలో ఎసిటమినోఫెన్ అంటారు, ఆస్తమా ఇన్‌హేలర్ లో ఉండే సాల్బుటమాల్ అక్కడ ఆల్బుటెరాల్.

చీటీ లేదు, డాక్టరు సెలవులో ఉన్నారు అన్నప్పుడు కూడా దారులు పూర్తిగా మూసుకుపోవు. భారత్ లో 2020 మార్చిలో వచ్చిన టెలిమెడిసిన్ మార్గదర్శకాల ప్రకారం రిజిస్టర్ అయిన డాక్టరు వీడియోలో చూసి చీటీ రాసివ్వొచ్చు, మత్తు కలిగించే కంట్రోల్డ్ మందులు మాత్రం అలా రాయరు. బ్రిటన్ లో, అమెరికాలోని చాలా రాష్ట్రాల్లో ఎప్పటినుంచో వాడుతున్న మందు అయిపోతే ఫార్మసిస్టు తన విచక్షణతో కొద్ది రోజులకి సరిపడా ఇవ్వొచ్చు. ఇవ్వాలని రూలు లేదు, కాబట్టి పాత చీటీ, పాత డబ్బా, ఏదున్నా చూపించి మర్యాదగా అడగండి.

ఈలోపు ఇంట్లో ఉన్నదాంతో నెట్టుకొచ్చేటప్పుడు కాస్త జాగ్రత్త. పక్కింటాయన బీపీ మాత్ర తెచ్చి వేసుకోవడం, ఉన్న డోసుని సగం సగం చేసుకోవడం వద్దు, ఫోన్ లో ఫార్మసిస్టునే అడగండి, ఒక పూట ఆలస్యమైతే ఫర్వాలేదా లేదా అన్నది మందుని బట్టి ఉంటుంది, ఇన్సులిన్, ఫిట్స్ మందులు అసలు ఆపకూడనివి. విరేచనాలకి ఓఆర్ఎస్ ప్యాకెట్ దొరక్కపోతే లీటరు శుభ్రమైన నీళ్లలో 6 చెంచాల పంచదార, అర చెంచా ఉప్పు, టీ చెంచాతో తలకొట్టి కొలిచి కలపండి, ఉప్పు ఎక్కువైతే ప్రమాదం. పారాసెటమాల్ పెద్దవాళ్లకి రోజు మొత్తం మీద 4 గ్రాములు దాటకూడదు, జలుబు మాత్రల్లో కూడా అది కలిసి ఉంటుంది కాబట్టి రెండూ కలిపి లెక్కేసుకోండి.

వరసగా సెలవులొస్తున్నాయంటే రెండు మూడు రోజుల ముందే స్ట్రిప్పులు బయటికి తీసి మాత్రలు లెక్కపెట్టుకుంటే ఈ తిరుగుడంతా ఉండదు, ముఖ్యంగా ఇన్‌హేలర్, ఇన్సులిన్ లాంటివి. తీరా షాపులో మందు చేతికిచ్చాక కౌంటరు దగ్గరే నిలబడి పేరు, ఎంజీ, ఎక్స్‌పైరీ మూడూ ఫోటోతో సరిచూసి బిల్లు తీసుకోండి, ఎందుకంటే ఇంటికొచ్చాక తేడా కనపడితే మళ్లీ వెళ్లేసరికి ఆ షాపు డ్యూటీ అయిపోయి మూసేసి ఉండొచ్చు.