ల్హిత్‌వైన్ లాంటి వేల్స్ పల్లెలో కాపురం పెట్టాలంటే

వేల్స్ దేశానికి వాయవ్య మూలన, ల్హీన్ ద్వీపకల్పపు ఉత్తర తీరంలో, అర్ ఐవ్ల్ కొండల కింద ఉంటుంది ల్హిత్‌వైన్. ఒకప్పుడు రాతి క్వారీల్లో పనిచేసేవాళ్ల ఊరు. దగ్గరి పట్నం పుల్హెలిలోనో, బాంగర్ ఆసుపత్రిలోనో ఉద్యోగం వచ్చి ఇలాంటి ఊళ్లో ఇల్లు తీసుకుంటున్న తెలుగువాళ్ల కోసం ఈ వివరాలు. పట్నంలో లాగా అనుకున్నప్పుడు అనుకున్నది దొరకదు. చెత్తబండికి ఒక రోజు, సంతకు ఒక రోజు, కిరోసిన్ లారీకి ఒక రోజు. ఆ రోజులు ముందే తెలుసుకుంటే సగం పని అయినట్టే.

అద్దెకు ఒప్పుకునే ముందు ఇంటాయన పేరు, ఇళ్లు అద్దెకిచ్చేవాళ్లను నమోదు చేసే రెంట్ స్మార్ట్ వేల్స్ జాబితాలో ఉందో లేదో వాళ్ల వెబ్‌సైట్‌లో చూడండి. 2022 డిసెంబరు 1 నుంచి ఇక్కడ అద్దె చట్టం ఇంగ్లండ్‌ది కాదు, వేరు. ఇంట్లో దిగిన 14 రోజుల్లోగా రాతపూర్వక ఒప్పందం మీ చేతికి ఇవ్వాలి. అంతస్తుకొకటి చొప్పున కరెంటు లైనుకు కలిపిన పొగ అలారం ఉండాలి. బాయిలర్, పొయ్యి ఉన్న గదిలో కార్బన్ మోనాక్సైడ్ అలారం ఉండాలి. ఇల్లు చూడ్డానికి వెళ్లినప్పుడు మూడు ప్రశ్నలు తప్పక అడగండి: వేడి దేనితో వస్తుంది? మురుగు ఎక్కడికి పోతుంది? లోపల ఫోన్ పలుకుతుందా? మూడోది అడిగి ఊరుకోకండి, వంటింట్లో నిలబడి ఒక కాల్ చేసి చూడండి. పాత ఇళ్ల రాతిగోడలు మందంగా ఉంటాయి, సిగ్నల్ లోపలికి రాదు. వైఫై కాలింగ్ పెట్టుకుంటే సరిపోతుంది గానీ, గాలివానకు కరెంటు పోతే రూటరూ ఆగిపోతుంది. అందుకే ఛార్జి నిండిన పవర్ బ్యాంకు ఒకటి ఎప్పుడూ ఉంచుకోండి. కరెంటు పోయిందని చెప్పాల్సిన నంబరు 105.

ఇలాంటి ఊళ్లలో గ్యాస్ పైపు సాధారణంగా ఉండదు. పెరట్లో ప్లాస్టిక్ ట్యాంకు, అందులో కిరోసిన్. ఒకప్పుడు మన రేషన్ షాపులో ఇచ్చిన నూనెలాంటిదే, బాయిలర్‌కు అదే తిండి. కొత్తవాళ్లు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే. చాలా కంపెనీలు ఒకేసారి కనీసం 500 లీటర్లు కొంటేనే లారీ పంపుతాయి. చలికాలంలో లారీ రావడానికి వారం, పది రోజులు పట్టొచ్చు. కాబట్టి ట్యాంకు పావు వంతుకు దిగగానే ఆర్డర్ పెట్టండి. కొలమాన గొట్టం నమ్మకంగా లేకపోతే పొడి కర్ర ముంచి తడిసినంత మేర కొలవండి. ట్యాంకు అడుగున నీరు, మడ్డి పేరుకుంటాయి. నూనె పూర్తిగా అయిపోతే ఆ మడ్డి ఫిల్టర్‌లోకి లాక్కుపోతుంది, పైపులో గాలి చేరుతుంది, బాయిలర్ ఎర్రలైటు వేసి ఆగిపోతుంది. అప్పుడు రీసెట్ బటన్ పదేపదే నొక్కకండి, మండని నూనె లోపల పోగుపడుతుంది. తర్వాత నూనె పోయించినా, మెకానిక్ వచ్చి పైపులో గాలి తీస్తే తప్ప వెలగకపోవచ్చు. ఊళ్లో నలుగురు కలిసి ఒకేసారి ఆర్డర్ పెట్టే పద్ధతి చాలాచోట్ల ఉంది. పక్కింటివాళ్లను అడగండి, లీటరుకు నాలుగు పెన్నీలు కలిసొస్తాయి. సందు ఇరుకైతే ఆ మాట కంపెనీకి ముందే చెప్పాలి, చిన్న లారీ పంపుతారు.

మురుగు సెప్టిక్ ట్యాంకులోకి పోతుంటే మన వంటకు కొంచెం జాగ్రత్త కావాలి. గారెలు, పూరీలు వేయించిన నూనె సింకులో పోస్తే చలికి పైపులోనే గడ్డకడుతుంది. చల్లారాక సీసాలో పోసి మూత పెట్టండి. మూకుడు, పచ్చడి గిన్నె కాగితంతో తుడిచాకే కడగండి. తడి టిష్యూలు ఎన్నడూ టాయిలెట్‌లో వేయొద్దు. వారం బట్టలన్నీ ఆదివారమే ఉతికితే ఒక్కసారిగా వచ్చే నీటికి ట్యాంకులోని మడ్డి కదిలి, నీరు ఇంకే గుంటలోకి పోయి దాన్ని పూడ్చేస్తుంది. రోజుకొక విడత చొప్పున ఉతకండి.

ఈ ప్రాంతపు పాలన చూసే గ్వినెద్ కౌన్సిల్ మామూలు చెత్తను మూడు వారాలకు ఒకసారే తీసుకెళ్తుంది. వంటింటి వ్యర్థం, రీసైక్లింగ్ మాత్రం వారం వారం. కూరగాయల తొక్కలు, మిగిలిన అన్నం వేరుగా వేస్తే మూడు వారాలు సులువుగా గడుస్తాయి. లేదంటే రెండో వారానికే డబ్బా నిండి కంపు కొడుతుంది.

సరుకుల సంగతి. పాలు, రొట్టె, గుడ్లు ఊరి షాపులోనే కొనండి. దాన్ని నడిపేది ఊరివాళ్లే, వంతులవారీగా, జీతం లేకుండా. పెద్ద దుకాణం కంటే నాలుగు పెన్నీలు ఎక్కువైనా సరే, మంచు పడి దారి మూసుకున్న రోజు తెరిచి ఉండేది ఇదే. కూరగాయలకు బుధవారం పుల్హెలి సంత. కందిపప్పు, సోనా మసూరి, ఇంగువ లివర్‌పూల్ లేదా మాంచెస్టర్ వెళ్లినప్పుడు రెండు నెలలకు సరిపడా తెచ్చుకోండి. కరివేపాకు కడిగి, బాగా ఆరబెట్టి ఫ్రీజర్‌లో పెడితే నిలుస్తుంది. సముద్రపు తేమకు అప్పడాలు, కారప్పొడి రెండు రోజుల్లో మెత్తబడతాయి, గట్టి మూత డబ్బాలు తప్పనిసరి.

ఊరి పబ్బు పేరు తవార్న్ అ వీక్. 1988 నుంచి ఊరివాళ్లే సహకార పద్ధతిలో నడుపుకుంటున్నారు. పబ్బంటే తాగేచోటని దూరం పెట్టకండి. ఊళ్లో ఏం జరుగుతోందో తెలిసేది అక్కడే. నిమ్మరసం తాగుతూ గంట కూర్చున్నా ఎవరూ ఏమీ అనుకోరు.

వచ్చిన మొదటి వారంలోనే, మీ ఇల్లు ఏ మెదగ్వా, అంటే డాక్టరు క్లినిక్, పరిధిలోకి వస్తుందో కనుక్కుని పేరు నమోదు చేయించుకోండి. వేల్స్‌లో 2007 నుంచి డాక్టరు రాసిన మందులకు డబ్బు తీసుకోరు. అయినా బీపీ, షుగర్ మాత్రలు అయిపోయే వారం ముందే అడగాలి. అత్యవసరం కాని సందేహాలకు 111. చిన్న గాయాలకు పుల్హెలి దగ్గరి బ్రిన్ బెరిల్ ఆసుపత్రి ఉంది. పెద్ద ప్రమాదాలకు బాంగర్ వెళ్లాల్సిందే. అత్యవసర నంబరు 999కి ఫోన్ చేసినప్పుడు పోస్ట్‌కోడ్ చెప్పి ఆగొద్దు. పల్లెలో ఒకే పోస్ట్‌కోడ్ కింద దూరదూరంగా ఇళ్లుంటాయి, చాలావాటికి నంబరు ఉండదు, పేరే. ఇంటి పేరు, మలుపు, గుర్తు చెప్పండి. ఇదంతా ఒక చీటీ మీద రాసి తలుపు పక్కన అతికించండి, కంగారులో గుర్తురాదు.

మన దేశపు లైసెన్సుతో ఇక్కడ స్థిరపడ్డ నాటి నుంచి 12 నెలలు నడపొచ్చు. ఆలోగా ఇక్కడి పరీక్ష పాస్ కావాలి. 2023 సెప్టెంబరు 17 నుంచి వీధిదీపాలున్న ఊరి రోడ్ల మీద వేగం చాలావరకు గంటకు 20 మైళ్లే. ఒంటి బాటలో ఎదురు బండి వస్తే, బండ్లు తప్పుకోవడానికి వదిలిన వెడల్పు చోటు మీ ఎడమన ఉంటే అందులోకి తప్పుకోండి. కుడివైపున ఉంటే దాని ఎదురుగా ఆగండి, అవతలివాళ్లు అందులోకి వస్తారు. వెనక్కి నడపడం బాగా సాధన చేయండి. ఆ చోట్లలో పార్కింగ్ మాత్రం చేయొద్దు.

ఇక్కడి ప్రాథమిక బడుల్లో చదువు వెల్ష్‌లో. పిల్లలు కొత్తగా వస్తే ముందు భాష నేర్పడానికి కౌన్సిల్ ప్రత్యేక కేంద్రాలు నడుపుతోంది, బడిలో అడగండి. పెద్దలకు కొండ కిందనే నాంట్ గుర్తైర్న్ భాషా కేంద్రం ఉంది. వెల్ష్ చదవడం తెలుగువాడికి కష్టం కాదు, ఎక్కువగా రాసినట్టే పలుకుతారు. ఎఫ్ ఒకటుంటే వ, రెండుంటే ఫ. డి రెండుంటే ఇంచుమించు మన ద. రోడ్డు మీద కనిపించే అరవ్ అంటే నిదానం. రెండు ఎల్‌లు కలిసినప్పుడు నాలుకను ల కోసం పెట్టి, గొంతు కలపకుండా గాలి మాత్రం పక్కల నుంచి ఊదండి. పొద్దున షాపులో అడుగుపెడుతూ బోరె దా, అంటే శుభోదయం, అనండి, డబ్బిచ్చి సంచీ అందుకుంటూ దియోల్ఖ్, అంటే ధన్యవాదాలు, అనండి.