ఫోర్ట్ కొచ్చిలో గైడుతో రెండు గంటల నడక

ఫోర్ట్ కొచ్చి చూడటానికి రోజంతా ఆటో మాట్లాడుకోనక్కర్లేదు, పొద్దున్నే ఎండ ముదరకముందు గైడుతో ఓ రెండు గంటలు నడిస్తే చాలు. ఎర్నాకుళంలో బస చేసినవాళ్లు హైకోర్టు దగ్గర వాటర్ మెట్రో పడవ ఎక్కేయండి, ట్రాఫిక్ టెన్షన్ ఉండదు.

గైడుతో ముందే అన్నీ తేల్చుకోండి. ఎంతసేపు, ఎంత, టికెట్లు అందులోనేనా అని. షాపులకు తీసుకెళ్లొద్దని కూడా అప్పుడే చెప్పేయాలి, మొహమాటపడ్డారో సగం టైము మసాలా కొట్లలోనే గడిచిపోతుంది.

చీనా వలల దగ్గర, అంటే ఒడ్డున దుంగలకు కట్టి నీళ్లలోకి దించే పెద్ద చేపల వలల దగ్గర మాత్రం సెల్ఫీ తీసుకుని వచ్చేయకండి, ఒక్కసారైనా వల పైకి లేచేదాకా నిలబడండి: తాళ్లకు రకరకాల ఎత్తుల్లో కట్టిన పెద్ద రాళ్లే అవతలి వల బరువుకి సరిజోడు, మనుషులు తాడు లాగేకొద్దీ అవి ఒక్కొక్కటే కింద ఆనుతుంటాయి. లేచిన వలలో చేపలు గుప్పెడే ఉండొచ్చు, అది వేరే సంగతి.

అక్కడి నుంచి సెయింట్ ఫ్రాన్సిస్ చర్చి దగ్గరే. 1524లో చనిపోయిన వాస్కోడగామాని ముందు పాతిపెట్టింది ఇక్కడే, 1539లో అస్థికలు పోర్చుగల్‌కి చేరాయి, ఇప్పుడున్నది రాతిపలక. అందరూ దానిమీదే పడతారు కానీ ఓసారి తలెత్తి గుడ్డ పంకాలు చూడండి, వాటి తాళ్లు బయట కూర్చుని లాగేవాళ్లు.

మట్టంచేరి కాస్త దూరం, ఆటోలో వెళ్లండి. ప్యాలెస్‌కి శుక్రవారం, యూదుల ప్రార్థనామందిరం సినగాగ్‌కి శనివారం సెలవు. సినగాగ్‌లో చెప్పులు విప్పాలి, భుజాలూ మోకాళ్లూ కప్పే బట్టలు వేసుకోండి.