కొత్త నిబంధనను దాని కాలంలో పెట్టి చదవడం ఎలా

నరసాపురం, పాలకొల్లు ప్రాంతాల ఇళ్లలో జరిగే బైబిలు పఠనానికి సిద్ధమయ్యేవారు, ముందుగా వ్యాఖ్యానమేదీ చూడకుండా అధ్యాయాన్ని రెండుసార్లు చదివి, అందులోని ఊళ్లను, అధికారులను, నీళ్లను, నాణేలను విడిగా రాసుకోవాలి.

ప్రకటన గ్రంథం మూడో అధ్యాయంలో, చల్లగానూ వెచ్చగానూ లేక నులివెచ్చగా ఉన్నావని లవొదికయ (నేటి టర్కీలోని ప్రాచీన పట్టణం) సంఘాన్ని గద్దించే లేఖతో మొదలుపెట్టడం మేలు, ఎందుకంటే కాలువ నీటి విలువ తెలిసిన డెల్టావాసులకు అది త్వరగా అందుతుంది. పొరుగున హియెరాపొలికి వేడినీటి బుగ్గలు, కొలొస్సయికి చల్లని నీరు ఉండగా, లవొదికయకు దూరం నుంచి గొట్టాల ద్వారా నీరు వచ్చేది. వేడి, చల్లన రెండూ పనికొచ్చేవే, నులివెచ్చనిదే పనికిరాదు అన్న అర్థమే నాకు సరైనదిగా తోస్తుంది. క్రీ.శ. 60లో భూకంపం వచ్చినప్పుడు ఆ పట్టణం రోము సాయం లేకుండా తిరిగి లేచిందని రోమను చరిత్రకారుడు టాసిటస్ రాశాడు. తనకు ఏ కొదువా లేదని లేఖలో ఆ సంఘం చెప్పుకున్న గొప్పను ఈ సంగతితో పోల్చి చదవాలి.

కాలనిర్ణయానికి అధికారుల పేర్లు పట్టుకోవాలి. ధవళేశ్వరం ఆనకట్ట నీటిని ప్రస్తావించే ఉత్తరం 1852కు ముందుది కాజాలదని మనం ఎలా గుర్తిస్తామో, కొరింథులో పౌలును విచారణకు తెచ్చిన రోమను అధిపతి గల్లియోను పేరు గ్రీసులోని డెల్ఫీ శాసనంలో ఉండడాన్ని బట్టి పౌలు కొరింథులో ఉన్నది సుమారు క్రీ.శ. 51 ప్రాంతమని అలాగే తెలుస్తుంది.

చివరగా, ఏథెన్సులో పౌలు పలికిన "మన మాయన సంతానము" అన్న మాట గ్రీకుల ప్రధాన దేవుడు జ్యూస్‌ను గురించి గ్రీకు కవి అరాటస్ రాసిన పద్యంలోనిది. అందులో పౌలు దేనిని నిలిపాడో, దేనిని మార్చాడో అడగాలి, అయితే పోలిక కనిపించిన ప్రతిచోటా అరువు తెచ్చుకున్నాడని తేల్చకూడదు.